యూఎస్‌ఎస్ నార్త్ కరొలైనా, విల్మింగ్టన్: పై డెక్ చూసి వెనక్కి రాకండి

అమెరికా కట్టిన ఫాస్ట్ బ్యాటిల్‌షిప్పులు, అంటే వేగంగా వెళ్ళే పెద్ద యుద్ధనౌకలు, పది. వాషింగ్టన్, సౌత్ డకోటా, ఇండియానా పాత ఇనుము కింద పోయాయి, మిగతా ఏడూ మ్యూజియంలయ్యాయి. ఒక్కటే చూసే వీలున్నవాళ్ళు ఎక్కువగా పెర్ల్ హార్బర్‌లోని మిజోరీ వైపు మొగ్గుతారు. 1945 సెప్టెంబర్ 2న జపాన్ లొంగుబాటు పత్రాల మీద సంతకాలు జరిగిన డెక్ కదా, తప్పేం లేదు. ఈ ఓడల్ని ఇలాగే ఎందుకు కట్టారో తెలుసుకోవాలనుకుంటే మాత్రం మా ఓటు కేప్ ఫియర్ నది ఒడ్డున ఉన్న నార్త్ కరొలైనాకే.

ఎక్కగానే కంటబడేవి మూడు టరెట్లు (ఫిరంగులను మోసే తిరిగే ఉక్కు గూళ్ళు), ఒక్కో దాంట్లో గొట్టం లోపలి వెడల్పు 16 అంగుళాలుండే ఫిరంగులు మూడేసి. కాగితం మీద గీసినప్పుడు ఇవి లేవు. టరెట్‌కి నాలుగు చొప్పున పన్నెండు 14 అంగుళాల ఫిరంగులు పెట్టాలన్నది అప్పటి లెక్క. యుద్ధనౌకల సైజుకు హద్దులు పెట్టిన 1936 నాటి లండన్ ఒప్పందం ఫిరంగిని 14 అంగుళాల దగ్గరే కట్టడి చేసింది. అయితే జపాన్ 1937 ఏప్రిల్ 1 లోగా ఆ హద్దుకు ఒప్పుకోకపోతే 16 అంగుళాలకు పోవచ్చని వెసులుబాటు ఉంచారు. జపాన్ ఒప్పుకోలేదు. టరెట్ కూర్చునే గుండ్రటి ఉక్కు పీఠాన్ని, అంటే బార్బెట్‌ను, ముందే రెండు రకాలకూ సరిపోయేలా కొలిచి పెట్టారు కాబట్టి ఫిరంగులు మార్చడం కుదిరింది. కవచం మార్చడం కుదరలేదు. ఓడ పక్కల్ని కాపాడే, 15 డిగ్రీల వాలులో ఉన్న 12 అంగుళాల మందపు కవచపు పట్టీని (బెల్ట్) 14 అంగుళాల గుండును ఆపడానికి లెక్కగట్టారు, ఒప్పందం పెట్టిన 35,000 టన్నుల హద్దులో ఇంకా మందం చేర్చే వీల్లేక అదే ఉండిపోయింది. తాను వేయగల దెబ్బను తానే తట్టుకోలేని ఓడ ఇది. ఈ ఒక్క ముక్క గుర్తుంచుకుని లోపల తిరిగితే సగం ఓడ దానంతట అదే అర్థమవుతుంది.

ఆపకుండా కిందికి దిగండి. గుండ్లు దాచే డెక్ దగ్గర కాస్త ఎక్కువసేపు ఆగాలి. కవచాన్ని ఛేదించే రకం గుండు ఒక్కోటి 2,700 పౌండ్లు, అంటే సుమారు 1,225 కిలోలు. గుండ్లను నిలువుగా నిలబెట్టి ఉంచేవారు. క్రేన్‌తో ఎత్తేవారేమో అనిపిస్తుంది గానీ, కాదు. గుండు చుట్టూ తాడు వేసి, తాడును లాగే తిరుగుడు డ్రమ్ముకు (క్యాప్‌స్టన్) చుట్టి, నిలువుగానే డెక్ మీద జార్చుకుంటూ గుండును పైకి ఎత్తే హాయిస్ట్ దాకా తెచ్చేవారు. ఊగే సముద్రంలో టన్నుకు పైగా బరువును ఇలా జరపడం ఎంత నేర్పో ఆ ఇరుకులో నిలబడితే గానీ తెలియదు. ఒక్కో కాల్పుకు గుండు వెనక ఆరు తుపాకి మందు సంచులు తోసేవారు.

ఇంజిన్ గదిని హడావుడిగా దాటేయకండి. బాయిలర్లు ఒక గదిలో, టర్బైన్లు మరో గదిలో ఉండే అలవాటును ఇక్కడ పక్కన పెట్టారు. నాలుగు గదులు, ఒక్కో దాంట్లో రెండు బాయిలర్లు, ఒక టర్బైన్ జత. ఒక గదిలోకి నీళ్ళు వచ్చినా పోయేది నాలుగో వంతు బలమే. మొత్తం 1,21,000 హార్స్‌పవర్. పాత యుద్ధనౌకలు 21 నాట్ల (ఒక నాట్ అంటే గంటకు సుమారు 1.85 కి.మీ.) దగ్గర ఆగిపోతే ఇది 27 దాటేది. లోపం ప్రొపెల్లర్ల దగ్గర బయటపడింది. కొన్ని వేగాల్లో వెనక భాగం విపరీతంగా అదిరేది. మూడు, నాలుగు, అయిదు రెక్కల ప్రొపెల్లర్లు మార్చి మార్చి పరీక్షిస్తూ న్యూయార్క్ రేవులోకి అన్నిసార్లు వచ్చిపోయింది కాబట్టే 'షోబోట్' (నాటకాలు ఆడే పడవ) అన్న వెటకారపు పేరు అంటుకుంది.

ముందు టరెట్ దగ్గర ఎడమ పక్కను ప్రత్యేకంగా గమనించండి. 1942 సెప్టెంబర్ 15న జపాన్ ఐ-19 జలాంతర్గామి వదిలిన టార్పెడో తగిలింది అటువైపే. టార్పెడో రక్షణ కోసం పక్కన పొరలు పొరలుగా గదులు కట్టి, కొన్నింటిని ద్రవంతో నింపి, కొన్నింటిని ఖాళీగా ఉంచారు. ఓడ నడుమ ఆ పొరల మందం 18 అడుగులు దాటుతుంది. ముక్కు వైపు ఓడ సన్నబడేకొద్దీ అదీ సన్నబడుతుంది. దెబ్బ పడింది సరిగ్గా అక్కడే. అయిదుగురు చనిపోయారు. ఒరిగిన ఓడను అవతలి వైపు నీళ్ళు నింపి నిమిషాల్లో సరిచేశారు, అంత రంధ్రంతోనూ 25 నాట్ల వేగం అందుకుంది. అదే వరసలోని టార్పెడోలు విమానవాహక నౌక వాస్ప్‌ను ముంచేశాయి.

ఇక ఇబ్బందులు. లోపల చాలా భాగానికి ఏసీ లేదు, ఎండాకాలం మధ్యాహ్నం ఉక్క భరించలేం. పొద్దున్నే వెళ్ళి అడుగు డెక్కులు ముందు చూసి, గాలి తగిలే బ్రిడ్జి (ఓడను నడిపే పై గది) చివరికి పెట్టుకోండి. నిచ్చెనలు నిటారు, గుమ్మాలు పొట్టి, గడపలు ఎత్తు. చెప్పులు వద్దు, బూట్లు వేసుకోండి. చేతులు ఖాళీగా ఉండాలి. మోకాళ్ళ నొప్పులున్నవాళ్ళకు పై డెక్ వరకే నయం. పోటు బాగా ఎక్కిన రోజు నది నీళ్ళు కారు పార్కింగ్‌లోకి రావచ్చు, బయల్దేరేముందు పోటు సమయం చూసుకోండి. ఒడ్డున మొసళ్ళు కనిపించడం మామూలే, పిల్లల్ని నీటి అంచుకు పోనివ్వకండి.

ఓడ 1961 నుంచి ఇక్కడి బురదలోనే కూర్చుంది. నీటిమట్టం దగ్గర ఉక్కు తినేయడంతో చుట్టూ నీళ్ళను ఆపే గోడ (కాఫర్‌డ్యామ్) కట్టి, నీళ్ళు తోడి మరమ్మతు చేయాల్సి వచ్చింది. పడవలాగా లాగి, నీళ్ళు తోడేసి ఓడల్ని బాగుచేసే డ్రైడాక్‌కు తీసుకుపోయే పని కాదిది.

వెనక డెక్ మీద ఉన్న కింగ్‌ఫిషర్ అనే నిఘా విమానం వదలొద్దు, ఇలాంటివి ప్రపంచంలో వేళ్ళమీద లెక్కపెట్టేన్ని మిగిలాయి. ఆ తర్వాత ఫాల్ రివర్‌లోని యుద్ధనౌక మసాచుసెట్స్ చూడండి. అక్కడా తొమ్మిది 16 అంగుళాల ఫిరంగులే. ఓడ పొడవు మాత్రం 728 అడుగుల నుంచి 680కి తగ్గింది. మిగిల్చిన బరువంతా 16 అంగుళాల గుండును ఆపే కవచానికి పోయింది, ఇరుకు నావికుల వంతుకొచ్చింది.