మా బండి గేర్‌బాక్స్ దించిన ఆటోనగర్ షెడ్డు

రామలింగాపురం అండర్‌బ్రిడ్జిలోకి దిగి పైకెక్కే చోట బండి ఆగిపోతే ఎలా ఉంటుందో నెల్లూరు వాళ్లకు చెప్పనక్కర్లేదు. వెనక ఆటోలు, పక్కన స్కూలు బస్సు, నెత్తిన జూన్ ఎండ. మీటర్ బోర్డులో ‘ఎన్’ అక్షరం ఆరి వెలుగుతోంది. యాక్సిలరేటర్ తొక్కితే ఇంజిన్ అరుస్తోంది గానీ బండి కదలడం లేదు. వెనక సీట్లో మా అమ్మ ఉంది, ఆస్పత్రికి తీసుకెళ్తున్నాను. నలుగురు కుర్రాళ్లు వచ్చి బండిని పైకి తోసి పక్కన పెట్టారు. అమ్మను ఆటో ఎక్కించి, నేను టోయింగ్ బండి కోసం రెండు గంటలు నిలబడ్డాను. ఆ రోజు పడ్డ టెన్షన్ ఇంకొకరు పడకూడదని ఇదంతా రాస్తున్నాను.

నాది 2018 మోడల్ డీజిల్ బండి. నాలుగు మీటర్ల లోపు ఎస్‌యూవీ, ఏఎంటీ గేర్లు, అంటే క్లచ్ పెడల్ లేకుండా గేర్లు వాటంతటవే మారే రకం. అప్పటికి 92 వేల కిలోమీటర్లు తిరిగింది. నేను రొయ్యల చెరువులకు మేత, మందులు సప్లై చేస్తాను. ఇందుకూరుపేట, తోటపల్లిగూడూరు, విడవలూరు, అల్లూరు వైపు రోజూ తిరుగుడే. వారానికి ఒకసారి కోట, వాకాడు. మా ఆవిడకు మోకాలి నొప్పి, క్లచ్ తొక్కలేదు. తను కూడా నడపాలని ఏఎంటీ తీసుకున్నాం.

బండిని ముందు ఒక సర్వీస్ సెంటర్‌కు చేర్చాం. కంప్యూటర్ పెట్టి చూసి, క్లచ్‌తో పాటు గేర్లు మార్చే కిట్టు మొత్తం కొత్తది వేయాలన్నారు. 1,18,000 రూపాయలకు ఎస్టిమేట్ చేతిలో పెట్టారు. ఏ పార్టు పాడైంది, ఎలా తెలిసింది అని అడిగితే, “ఎర్రర్ కోడ్ వచ్చింది సార్” అన్నారు. అంతకు మించి జవాబు రాలేదు. బండి కింద పడుకుని చూసినవాళ్లు లేరు, ఒక రౌండ్ నడిపి చూసినవాళ్లూ లేరు. నాకు మనసొప్పలేదు. విడవలూరులో ఒక రైతు చెప్తే బండిని ఆటోనగర్‌కు లాగించాను, ముందు చక్రాలు గాల్లో ఉండేట్టు.

షెడ్డుకు చెప్పుకోదగ్గ బోర్డు లేదు. గేర్‌బాక్స్ భాయ్ అని అడిగితే ఎవరైనా చూపిస్తారు. భాయ్‌కి అరవై దగ్గర ఉంటాయి. మొదట్లో లారీల గేర్‌బాక్సులు చేసేవాడట, ఇప్పుడు కార్లే ఎక్కువ. ఇద్దరు కొడుకులు, ముగ్గురు కుర్రాళ్లు ఆయన దగ్గర పని చేస్తారు.

ఆయన బానెట్ ఎత్తలేదు, స్కానర్ తీయలేదు. మొదట నన్ను అడిగాడు.

“బండి ఎక్కువ యాడ తిప్పుతావన్నా?”

“చెరువుల మీద భాయ్. గట్ల మీద.”

“గట్టు ఎక్కేటప్పుడు ఎదురుగా బండి వస్తే ఏం చేస్తావు? బ్రేకు మీద ఆపుతావా, యాక్సిలరేటర్ మీద ఆపుతావా?”

నిజం చెప్పాను. యాక్సిలరేటర్ కొంచెం తొక్కి పట్టుకుని బండి వెనక్కి జారకుండా నిలబెడతాను. గట్టు మీద ఏరియేటర్లు (నీళ్లలో గాలి కలిపే యంత్రాలు) చూసుకుంటూ, చెక్ ట్రే (రొయ్యలు మేత తిన్నాయో లేదో చూసే పళ్లెం) దగ్గర ఆగుతూ, నడిచే మనిషి వేగంతో అర కిలోమీటరు పోతాను. ఏడేళ్లుగా ఇదే అలవాటు. ఆటోమేటిక్ కదా, దానికి తెలుసులే అనుకునేవాణ్ని.

ఆయన అప్పుడు వివరంగా చెప్పాడు. ఏఎంటీ లోపల ఉండేది మామూలు మాన్యువల్ గేర్‌బాక్సే, మామూలు క్లచ్ ప్లేటే. మన ఎడమ కాలు, ఎడమ చెయ్యి చేసే పనిని ఒక చిన్న పంపు, కొన్ని వాల్వులు, ఒక కంప్యూటర్ కలిసి చేస్తాయి. నేను గట్టు మీద యాక్సిలరేటర్ మీద బండిని ఆపిన ప్రతిసారీ లోపల హాఫ్ క్లచ్ నడిచినట్టే. ప్లేటు రాసుకుంటూ కాలిపోతూ ఉంటుంది. మాన్యువల్ బండిలో అయితే కాలికి తెలుస్తుంది, వాసన రాకముందే మనిషి జాగ్రత్త పడతాడు. ఇందులో కాలికి తెలిసే దారి లేదు. మన దేశంలో 2014లో మారుతి సెలేరియోతో ఏఎంటీ అందరికీ అందుబాటులోకి వచ్చింది. అప్పటి నుంచి లక్షల మంది నడుపుతున్నారు. ఈ ఒక్క మాట షోరూంలో బండి తాళాలు ఇచ్చేటప్పుడు చెప్తే ఎంత బాగుండేది!

తర్వాత పరీక్ష. డ్రైవర్ డోర్ తీసి చెవి పెట్టాడు. జుయ్యిమని సన్నటి శబ్దం వచ్చి ఆగింది. అది ఏఎంటీ పంపు ప్రెషర్ కట్టే శబ్దమట. నేను రోజూ వింటూనే ఉన్నాను గానీ ఏంటో తెలియదు. డోర్ మూసి, కాసేపాగి, మళ్లీ తీశాడు. నాలుగైదు సార్లు అలాగే చేశాడు. “తీసినప్పుడల్లా ఇంతసేపు తిరగకూడదు, ప్రెషర్ ఎక్కడో పోతా ఉంది” అన్నాడు. చిన్న ఆయిల్ డబ్బా చూస్తే గీత కంటే కిందికి ఉంది. పైపు జాయింటు దగ్గర తడి. ఏఎంటీకి గేర్ ఆయిల్ వేరు, ఈ పంపు ఆయిల్ వేరు. ఇన్ని సర్వీసుల్లో ఆ డబ్బా తెరిచినట్టు ఒక్క బిల్లులోనూ లేదు.

డబ్బా నింపాక బండి గేరులో పడింది. ఆటోనగర్ రోడ్డు మీదికి తీసుకెళ్లి, మాన్యువల్ మోడ్‌లో నాలుగో గేరులో పెట్టి, ఒక్కసారి పూర్తిగా తొక్కాడు. ఇంజిన్ మోత పెరిగింది, బండి స్పీడు పెరగలేదు. ప్లేటు జారుతోందని చెప్పడానికి ఆ పరీక్ష చాలు. మీరు సెకండ్ హ్యాండ్ బండి చూడటానికి వెళ్లినప్పుడు ఇది చేయండి, మాన్యువల్‌కైనా ఏఎంటీకైనా పనికొస్తుంది.

గేర్‌బాక్స్ దించిన రోజు నేను అక్కడే ఉన్నాను. ఆయనే ఉండమన్నాడు. క్లచ్ ప్లేటు అరిగి రివెట్లు బయటికి కనిపిస్తున్నాయి. ప్రెషర్ ప్లేటు మీద కాలిన నీలి మచ్చలు. రిలీజ్ బేరింగును వేలితో తిప్పితే గరగర. డ్రెయిన్ నట్టుకున్న అయస్కాంతం మీద నల్లటి పేస్టులాంటిది అంటుకుని ఉంది. దాన్ని వేళ్ల మధ్య నలిపి చూపించాడు. మెత్తగా ఉంటే మామూలు అరుగుదల, గుచ్చుకునే ముక్కలుంటే గేరు పళ్లో బేరింగో పోతున్నట్టు. నాది మెత్తగానే ఉంది. గేర్లు బాగున్నాయి, మార్చాల్సిందని నాకు చెప్పిన కిట్టూ బాగుంది. జాయింట్లో సీలు పోయింది, క్లచ్ అరిగింది, అంతే.

బిల్లు ఇది: క్లచ్ సెట్టు బేరింగుతో కలిపి 11,800. పైపు సీళ్లు 600. పంపు ఆయిల్ 1,350. గేర్ ఆయిల్ 1,760. క్రాంక్ వెనకాల ఆయిల్ సీలు 650, అది పోలేదు గానీ గేర్‌బాక్స్ దించినప్పుడే మార్చుకోమన్నాడు, తర్వాత కారితే మళ్లీ మొత్తం దించాలి. కూలి 6,500. స్కానర్‌కు 1,500. మొత్తం 24,160 రూపాయలు. పాత పార్టులన్నీ అట్టపెట్టెలో వేసి ఇచ్చాడు, నేను అడగకుండానే.

స్కానర్ ఖర్చు గురించి ఒక మాట. ఏఎంటీలో కొత్త క్లచ్ వేస్తే సరిపోదు. ప్లేటు ఎక్కడ పట్టుకుంటుందో కంప్యూటర్‌కు మళ్లీ నేర్పాలి. అరిగిన ప్లేటు కొలతలతోనే కొత్త ప్లేటును నడిపిస్తే బండి కుదుపులు పెడుతుంది, కొత్త ప్లేటు కూడా త్వరగా పోతుంది. పదిహేను వందలు మిగుల్చుకుందామని ఈ పని వదిలేసిన బండి ఒకటి నేను ఉన్నప్పుడే షెడ్డుకు వచ్చింది. వేరేచోట క్లచ్ వేయించి రెండు నెలలే అయిందట.

మూడు రోజులు అక్కడ కూర్చోవడం వల్ల మిగతా రకాల గేర్‌బాక్సులూ కళ్లతో చూశాను. బల్ల మీద ఒక సీవీటీ విప్పి ఉంది, అదీ ఆటోమేటిక్ గేర్‌బాక్సే. అందులో గేర్లు ఉండవు. రెండు కప్పీలు, వాటి మధ్య ఉక్కు బెల్టు. కప్పీలు వెడల్పవుతూ, సన్నబడుతూ ఉంటే గేరు మారినట్టు లెక్క. ఆ బండి వాళ్లు శ్రీశైలం నుంచి వస్తుంటే దోర్నాల ఘాట్‌లో ఇంజిన్ ఆగిపోయింది. తాడు కట్టి, నాలుగు చక్రాలూ నేల మీదే ఉంచి, మార్కాపురం దాకా లాక్కొచ్చారు. ఇంజిన్ ఆగితే లోపల ఆయిల్ పంపు తిరగదు. చక్రాలు మాత్రం తిరుగుతాయి. ఆయిల్ లేకుండా రాసుకుని బెల్టు, కప్పీలు గీతలు పడిపోయాయి. ఇంజిన్‌కు అయిన రిపేరు చిన్నది, లాక్కురావడం వల్ల అయింది పెద్దది. ఆ ఇంటాయన కప్పీల వైపు చూస్తూ చాలాసేపు మాట్లాడలేదు. క్లచ్ పెడల్ లేని ఏ బండినైనా ట్రక్కు మీద ఎక్కించి పంపండి, దయచేసి.

టార్క్ కన్వర్టర్ ఉన్న బండి ఒకటి కావలి నుంచి వచ్చింది. అదే పాత రకం అసలు ఆటోమేటిక్. మాన్యువల్‌లో ఉండే క్లచ్ ప్లేటు స్థానంలో ఇంజిన్ బలాన్ని ఆయిల్ మోస్తుంది, అందుకే గట్ల మీద నిదానంగా పాకినా తట్టుకుంటుంది. ఆ బండిలో ఉన్నది జీవితాంతం మార్చనక్కర్లేని ఆయిలని ఎవరో చెప్పారట. లక్షా పదివేల కిలోమీటర్లు అదే ఆయిల్. డ్రెయిన్ చేస్తే ఎర్రగా ఉండాల్సింది కాఫీ డికాక్షన్‌లా వచ్చింది, మాడిన వాసన. ఒకసారి తీస్తే అంతా రాదు, సగం పైన లోపలే ఉండిపోతుంది. కొత్తది పోసి, కొన్నాళ్లు తిప్పి, మళ్లీ రెండుసార్లు రమ్మన్నాడు. మిషన్ పెట్టి ఒక్కసారే కడిగెయ్యమని ఓనరు అడిగితే, ఇంత పాత ఆయిల్ మీద ఆ పని చెయ్యనన్నాడు. వచ్చే డబ్బును వద్దన్న మెకానిక్‌ను నేను ఎక్కువ మందిని చూడలేదు.

డీసీటీ ఇంకో రకం ఆటోమేటిక్, అందులో రెండు క్లచ్‌లు. ఒకటి 1, 3, 5, 7 గేర్లకు, ఇంకొకటి 2, 4, 6కు. హైవే మీద వెన్నలా పోతుంది. డ్రై క్లచ్ రకమైతే, అంటే క్లచ్ ఆయిల్‌లో మునిగి ఉండనిదైతే, ట్రాఫిక్‌లో పాకేటప్పుడు వేడెక్కుతుంది, నా అలవాటుతో నడిపితే నాకంటే ముందే షెడ్డుకు వచ్చేది. మాన్యువల్ గురించి అందరికీ తెలిసిందే: గేరు మెత్తగా పడేట్టు చేసే సింక్రో రింగు అరిగితే రెండో గేరు, మూడో గేరు కరకరమంటాయి, యాక్సిల్ సీలు కారితే ఆయిల్ తగ్గుతుంది.

మన జిల్లా వాళ్లకు ముఖ్యమైనది ఇంకోటి ఉంది. 2021 నవంబరులో పెన్నా పొంగి పడుగుపాడు దగ్గర రైలు పట్టాలు కొట్టుకుపోయినప్పుడు, నీళ్లలో మునిగిన బండ్లు ఈ షెడ్డుకు వరస కట్టాయట. గేర్‌బాక్స్ పైన గాలి పోవడానికి చిన్న రంధ్రం ఉంటుంది. బండి మునిగితే అందులోంచి నీళ్లు దిగుతాయి, ఆయిల్ పాలు కలిపిన టీలా అవుతుంది. ఇంజిన్ ఆయిల్ మార్పించి, గేర్ ఆయిల్ మర్చిపోయి నడిపిన వాళ్ల బేరింగులు కొన్ని నెలల్లో పోయాయని చెప్పాడు. మా చెరువుల వైపు వరద లేకపోయినా ఉప్పునీళ్లు, ఉప్పుగాలి. కనెక్టర్లు పచ్చగా పట్టి తప్పుడు ఎర్రర్లు వస్తాయి. నా బండివి విప్పి శుభ్రం చేసి పెట్టాడు, దానికి డబ్బు తీసుకోలేదు.

బాగాలేనివీ చెప్పాలి. రెండు రోజులన్న పని మూడు రోజులైంది. స్కానర్ కుర్రాడు వేరేచోట నుంచి రావాలి, వాడి కోసం అర పూట పోయింది. పనిలో ఉంటే ఫోన్ ఎత్తడు. కూర్చోవడానికి పాత కారు సీటు తప్ప ఏమీ లేదు, ఆడవాళ్లు వస్తే బాత్రూం లేదు. ఇది ఆయన తప్పక చూసుకోవాలి, ఇప్పుడు ఆడవాళ్లే బండి తీసుకుని వస్తున్నారు. బిల్లు చేతిరాత చీటీ, ఆరు నెలల గ్యారంటీ నోటి మాట. ఇన్సూరెన్సుకు, కంపెనీ ఖర్చులకు బిల్లు పెట్టుకునే వాళ్లకు అది చాలదు. వారంటీలో ఉన్న బండిని మాత్రం ఇక్కడికి తేవద్దు, ఆయనే తీసుకోడు.

ఏడు నెలలైంది, 14 వేల కిలోమీటర్లు తిరిగాను. కుదుపు లేదు, జారుడు లేదు. ఇప్పుడు గట్టు మీద మాన్యువల్ మోడ్‌లో మొదటి గేరులో పెట్టి, కాసేపు నడిపి, పూర్తిగా ఆపి, మళ్లీ కదులుతాను. వాలు మీద బ్రేకు, లేదా హ్యాండ్ బ్రేకు. ఎక్కువసేపు ఆగే చోట న్యూట్రల్. గేర్ ఆయిల్ 40 వేలకు ఒకసారి మార్చమన్నాడు, నా తిరుగుడుకు తగ్గట్టు. పంపు ఆయిల్ డబ్బాను ప్రతి సర్వీసులో నా కళ్ల ముందే తెరిపిస్తున్నాను.

మా బావమరిది చీమకుర్తి క్వారీలో పని చేస్తాడు. ఒంగోలు నుంచి రోజూ గ్రానైట్ లారీల మధ్య వెళ్లి రావాలి. పాత ఎస్‌యూవీ కొనాలి, ఏ గేర్‌బాక్స్ మంచిదని అడిగాడు. భాయ్‌ని అడిగితే, “ఆటోమేటిక్కే కావాలంటే టార్క్ కన్వర్టర్ చూసుకోమను, బడ్జెట్ చాలకపోతే మాన్యువల్” అన్నాడు. ఊళ్లో, హైవేలో తిరిగేవాళ్లకు ఏఎంటీ మంచి బండే, మైలేజీ వస్తుంది, రిపేరు కూడా మిగతా ఆటోమేటిక్‌ల కంటే చవక. చెరువు గట్ల మీద తిరిగే నాలాంటి వాళ్లకు మాత్రం నేను ఇప్పుడు చెప్పను.

వెళ్లేవాళ్లు ఉదయం పదిలోపు వెళ్లండి, అప్పుడైతే భాయ్ స్వయంగా బండి నడిపి చూస్తాడు. శుక్రవారం మధ్యాహ్నం నమాజుకు వెళ్తారు, రెండున్నర తర్వాతే తీస్తారు. పాత సర్వీసు బిల్లులు ఉంటే పట్టుకెళ్లండి, ఏ ఆయిల్ ఎప్పుడు పోశారో కూడా అడుగుతాడు.