హోమ్ లోన్: ఇరవయ్యేళ్లకా, ముప్ఫయ్యేళ్లకా?

విశాఖ మధురవాడలో ఫ్లాట్ కొనడానికి 40 లక్షల లోన్, వడ్డీ 8.5 శాతం అనుకుందాం. 20 ఏళ్లకు ఈఎంఐ సుమారు 34,700. 30 ఏళ్లకు 30,750. నెలకు నాలుగు వేలు తగ్గిందని చాలామంది రెండోదానికే సంతకం పెట్టేస్తారు.

మొత్తం కట్టేది చూడండి. 20 ఏళ్లలో వడ్డీ 43 లక్షలు. 30 ఏళ్లలో దాదాపు 71 లక్షలు! ఆ నాలుగు వేల వెసులుబాటు ఖరీదు 27 లక్షలకు పైమాటే.

ఎందుకంత తేడా? మొదటి నెల వడ్డీ ఎలా చూసినా 28,333. 30 ఏళ్ల లోన్‌లో అసలుకు పోయేది 2,400 మాత్రమే, 20 ఏళ్లదైతే 6,400 దాకా. ఐదేళ్లు క్రమం తప్పకుండా కట్టాక కూడా 30 ఏళ్ల లోన్‌లో ఇంకా 38 లక్షల పైనే బాకీ ఉంటుంది. స్టేట్‌మెంట్ చూస్తే కడుపు మండుతుంది.

పన్ను మినహాయింపు ఉందిగా అంటారు. సొంతంగా ఉండే ఇంటికైతే పాత పన్ను పద్ధతిలో ఏడాదికి 2 లక్షల వడ్డీ వరకే. కొత్త పద్ధతిలో అదీ లేదు.

అయితే జీతం నిలకడగా లేనివాళ్లకు 30 ఏళ్లే నయం. ఫ్లోటింగ్ వడ్డీ (రేటు మారుతూ ఉండే) లోన్‌కు ముందే కట్టినా జరిమానా ఉండదు కాబట్టి, ప్రతి నెలా ఆ నాలుగు వేలు అదనంగా వేస్తే ఇరవయ్యేళ్లకే తీరిపోతుంది. మరి సంక్రాంతి ఖర్చులొచ్చిన నెలలో ఎంతమంది వేస్తారు? నాకైతే అనుమానమే. రేటు పెరిగితే బ్యాంకు ఈఎంఐ బదులు గడువు పెంచొచ్చు, అలా పెంచినట్టు వచ్చే మెసేజ్ చూడకుండా వదిలేయకండి.