సైకిల్ మీద పట్టే గాలం కర్ర: ఏడాది వాడాక నా రివ్యూ

పోయినేడాది జూన్‌లో కాలువలకి నీళ్లొదిలిన వారంలోనే ఆన్‌లైన్‌లో ఒక టెలిస్కోపిక్ రాడ్, అంటే ముక్కలు ఒకదాంట్లో ఒకటి దూరిపోయే గాలం కర్ర తెప్పించుకున్నా, దారం చుట్టే రీల్‌తో కలిపి 1350 రూపాయలయింది. మొత్తం లాగితే 7 అడుగులు, మూసేస్తే మూరెడు. ఆ మూరెడు కోసమే కొన్నానండి. మాది రాజమండ్రి, చిన్నప్పట్నుంచి గాలం వేయడమంటే పిచ్చి, సైకిల్ తొక్కడం ఈ మధ్య అలవాటైంది, కానీ రెండూ ఒకేసారి ఎప్పుడూ కుదిరేవి కాదు, ఎందుకంటే మన వెదురు గాలం కర్ర 10, 12 అడుగులుంటుంది కదా. చిన్నప్పుడు మా అన్నయ్య ఒక చేత్తో హ్యాండిలూ కర్రా కలిపి అదిమి పట్టుకుని తొక్కేవాడు, నేను క్యారియర్ మీద కూర్చుని వెనక కొస పట్టుకునేవాణ్ణి, సందు మలుపు వస్తే ఇద్దరం దిగి కర్రని నిలువుగా పెట్టుకుని నడిచేవాళ్లం. అలా పట్టుకెళ్తే ఊరి చివర చెరువు వరకే, అంతకన్నా దూరం పోలేం.

ఈ కర్ర వచ్చాక దూరం సంగతి మారిపోయింది. సైకిల్ ఫ్రేమ్‌లో పైనున్న గొట్టం కింద రెండు వెల్‌క్రో పట్టీలతో కట్టేస్తే ఫ్రేమ్‌లోనే ఒదిగిపోతుంది, మోకాలికి తగలదు, నీళ్ల బాటిల్ కూడా అక్కడే ఉంటుంది. ఒక్కటే ఇబ్బంది, గట్ల మీద కంకర దారిలో తొక్కితే అదురుకి కర్ర మీద దారం దూర్చే రింగులు ఫ్రేమ్‌ని గీకుతూ ఉంటాయి, నాకు మొదటి నెలలోనే రెండు చోట్ల పెయింట్ లేచిపోయింది. పాత ట్యూబ్ ముక్క కోసి కర్రకి చుట్టా, మళ్లీ గీత పడలేదు. వానాకాలంలో అయితే రెండున్నర అంగుళాల పీవీసీ పైపు ముక్క, ఒక పక్క మూత బిగించి, క్యారియర్‌కి కట్టి అందులో పెడతా. రీల్ మాత్రం దాంట్లో పట్టదు, విప్పి తువ్వాలులో చుట్టి టిఫిన్ బాక్స్ పక్కన బ్యాగులో పెట్టుకోవాలి.

ఇంకో ముఖ్యమైన మాట. కొక్కెం విప్పకుండా సైకిలెక్కొద్దు. రెండో వారంలో నేను బద్ధకించి కొక్కెం రింగుకే తగిలించి బయల్దేరా, దారిలో అది ఊడి తంగూసు, అదే గాలం దారం, వెనక్కి జారి ఫ్రీవీల్‌కి చుట్టుకుపోయింది, చక్రం పట్టేసింది. గట్టు మీద సైకిల్ బోర్లించి కటింగ్ ప్లేయర్‌తో ఒక్కో చుట్టూ కోసుకుంటూ లాగితే 40 నిమిషాలు పట్టింది, వెనక లారీ వచ్చే రోడ్డైతే ఏమయ్యేదో. అప్పట్నుంచి కొక్కేలన్నీ హోమియో మందుల సీసాల్లోకే పోతాయి, సైజుకో సీసా, మూత గట్టిగా ఉంటుంది, టైరుకీ వేలికీ గుచ్చుకోవు.

నేనెక్కువగా వెళ్లే దారి ధవళేశ్వరం బ్యారేజీ దాటి బొబ్బర్లంక, అక్కణ్ణుంచి కాలువ గట్టు పట్టుకుని ఆత్రేయపురం, లొల్ల లాకుల (కాలువ నీటిని ఆపి వదిలే గేట్లు) వరకు. సైకిలోళ్లకి ఇంతకంటే మంచి దారి నాకు తెలిసి గోదావరి జిల్లాల్లో లేదు. ఎక్కుడూ దిగుడూ ఉండదు. కాటన్ దొర ఆనకట్ట 1852లో పూర్తయ్యాక తవ్విన కాలువలు పొలాలకి నీళ్లివ్వడానికీ పడవలు నడవడానికీ కూడా పనికొచ్చేవి, అందుకే ఈ లాకులు, అందుకే ఇంత చదునైన గట్లు. అప్పట్లో ఈ గట్ల మీద నడుస్తూ పడవల్ని తాళ్లతో లాగేవాళ్లు, ఇప్పుడు అవే గట్ల మీద మనం పెడల్ తొక్కుతున్నాం. శనివారం మాత్రం వెళ్లకండి, వాడపల్లి వెంకన్న గుడికి ఏడు శనివారాల మొక్కుకి వచ్చే జనం, దారంతా కార్లూ ఆటోలూ. ఆదివారం పొద్దున్నే 5 గంటలకి బయల్దేరితే ఎండెక్కేలోపు రెండు మూడు చోట్ల గాలం వేసుకుని ఇంటికొచ్చేయొచ్చు.

ఒకరోజు లాకుల దగ్గర ఫ్రేమ్‌లోంచి కర్ర తీస్తుంటే గట్టు మీద కూర్చున్న ఒక పెద్దాయన చూసి "ఏంటబ్బాయ్ అది, గొడుగా" అన్నాడు. గాలం కర్ర బాబాయ్ అని ఒక్కో కణుపూ లాగి చూపించా. చేతిలోకి తీసుకుని కొస ఊపి చూసి, "వెదురుకున్న సాగుడు లేదు గానీ, మోసుకెళ్లడానికి బాగుందిరా" అన్నాడు. ఏడాది వాడాక నేను చెప్పేది కూడా అచ్చం ఇదే.

ఆ సాగుడు సంగతి కొంచెం చెప్పాలి. వెదురు కర్ర మొదలు నుంచి కొస దాకా ఒకే తీరుగా వంగుతుంది, చిన్న పరిగె పట్టినా చేతికి తెలుస్తుంది. ఈ కర్రకి కణుపులు ఒకదాంట్లో ఒకటి బిగుసుకునే జాగా దగ్గర గట్టిగా ఉంటుంది, అక్కడ వంగదు, అంచేత చిన్న చేపల లాగుడు సగమే తెలుస్తుంది. నీళ్ల మీద తేలే బెండు చూసి లాగాలి తప్ప చేతిని నమ్ముకుని లాగలేం. కొసన ఉండే సన్న ముక్క, అదే టిప్, అన్నిటికన్నా బలహీనం. నా టిప్ నవంబర్‌లో విరిగింది, తప్పు కొంత నాదే. అరకిలో జెల్ల పడితే గట్టు మీదకి లాక్కోకుండా కర్ర నిలువుగా ఎత్తి గాల్లోకి లేపేశా, బరువంతా కొస మీదే పడి టక్కుమని విరిగింది. చేప కూడా పోయింది. దగ్గరికొచ్చిన చేపని కర్రతో ఎత్తొద్దు, తంగూసు చేత్తో పట్టుకుని లాగండి, లేదంటే చిన్న చేతివల పట్టుకెళ్లండి.

కర్ర తెరిచేటప్పుడు ముందు టిప్ లాగి, రింగులన్నీ ఒకే గీతలో ఉన్నాయో లేదో చూసుకుంటూ కిందకి రావాలి. బలంగా లాగి బిగిస్తే తర్వాత మూసుకోదు, కొంచెం తిప్పినట్టు లాగితే చాలు. ఇసుక రేణువు ఒక్కటి కణుపులో ఇరుక్కున్నా అంతే సంగతులు, గోదావరి ఇసుకలో పడుకోబెట్టి నేనొకసారి గంట సేపు అవస్థ పడ్డా. ఇంటికొచ్చాక మంచినీళ్లతో కడిగి, తెరిచే ఆరబెట్టాలి, ఇది బద్ధకించకూడని పని.

ఇక కర్రతో పాటు వచ్చిన రీల్. సారీ, ఇది మాత్రం దండగ. రీల్‌లో డ్రాగ్ అని ఉంటుంది, పెద్ద చేప గట్టిగా లాగితే దారం తెగిపోకుండా కొంచెం కొంచెం జారనివ్వడం దాని పని. నాకొచ్చిందాంట్లో అది జారదు, పట్టేస్తుంది, కాసేపాగి ఒక్కసారిగా వదిలేస్తుంది. ఆగస్టులో తవుడూ వేరుశనగ చెక్కా కలిపిన ముద్ద పెట్టి తూము దగ్గర కూర్చుంటే ఒక బొచ్చె పట్టింది, నీళ్లలోనే ఒక్కసారి పక్కకి తిరిగింది, దాని పొలుసులు ఎండకి తెల్లగా మెరిసాయి, రీల్ పట్టేసింది, తంగూసు ఫట్. ఆ రోజు ఇంటికి తొక్కుకుంటూ వచ్చినంతసేపూ మనసు మనసులో లేదు. అమ్మినవాళ్లకి రెండుసార్లు మెసేజ్ పెట్టా, రిటర్న్ టైమ్ అయిపోయిందని ఒక జవాబు, తర్వాత అదీ లేదు. విడిగా 3000 సైజు రీల్ ఒకటి 900 పెట్టి కొని, 0.30 మిల్లీమీటర్ల తంగూసు ఎక్కించా, అప్పుడు గానీ ఈ కర్ర విలువ తెలియలేదు. కాబట్టి మీరు కొంటే రీల్ లేకుండా కర్ర ఒక్కటే కొనండి. మూడో రింగు కూడా జిగురు వదిలి గుండ్రంగా తిరిగేది, దాన్ని నేనే అంటించుకున్నా.

కార్బన్ అని రాసుంటే సంబరపడిపోకండి, తేలిగ్గా ఉంటుంది నిజమే గానీ కార్బన్‌లో కరెంటు పాకుతుంది. మన కాలువ గట్ల పొడుగునా కరెంటు తీగలే, కొన్నిచోట్ల వేలాడుతూ కూడా ఉంటాయి. కర్ర తెరిచే ముందు తలెత్తి చూడండి, ప్రతిసారీ చూడండి. తీగ ఉంటే పది గజాలు అవతలకి పోండి, సైకిలే కదా, ఎంతసేపు. ఉరుములు మొదలైతే కర్ర మూసేయండి.

చిన్న చేపలు చాలు, రీల్ తలనొప్పి వద్దు అనుకునేవాళ్లకి రీల్ లేని టెలిస్కోపిక్ కర్రలు కూడా దొరుకుతాయి, దారం కొసకే కట్టేస్తారు. జపాన్‌లో తెన్‌కరా అని కొండ వాగుల్లో ఇలాగే పడతారు, సైకిల్ మీద ఊళ్లు తిరిగేవాళ్లు దాన్ని బాగా ఇష్టపడతారు, సామాను తక్కువ కాబట్టి. ఆలోచిస్తే మన వెదురు గాలం కూడా అదే పద్ధతి, కాకపోతే మడత పడదు.

ఇప్పుడు నాకు అన్నిటికన్నా నచ్చిన విషయం. సైకిల్‌ని నేను మొదట్లో చెరువు దాకా తీసుకెళ్లే బండి అనుకున్నా. కానీ తొక్కగా తొక్కగా తెలిసింది, సైకిల్ కూడా గాలం సామానే. బైక్ మీద గట్టున పోతే ఇంజన్ చప్పుడే వినిపిస్తుంది, సైకిల్ మీద పోతే నీళ్లు వినిపిస్తాయి. గుర్రపుడెక్క కింద జిలేబీ చేపలు మూతితో చప్పరించే చప్పుడు, చప్టా నీడలో ఏదో బుడుంగుమని తిరగడం, తూము వెనక సుడిలో సన్న బుడగలు వరసగా లేవడం, ఇవన్నీ సీటు మీంచే తెలుస్తాయి. నచ్చిన చోట ఆగుతాం, రెండు నిమిషాల్లో కర్ర తెరుస్తాం, పావుగంట చూసి ఏమీ లేకపోతే మళ్లీ తొక్కుతాం. ఒకేచోట పొద్దస్తమానం కూర్చోవాల్సిన పని లేదు. నేను పట్టిన మంచి చేపల్లో సగానికి పైగా ముందు చెవికి తెలిసినవే.

సెప్టెంబర్‌లో అలాగే మెల్లగా పోతుంటే ఒక పంటబోదెలో నీటి పైన తాటికాయంత ఎర్రటి ముద్ద కదులుతూ కనిపించింది. దిగి చూస్తే కొర్రమీను పిల్లలు, వందల్లో, అన్నీ ఒకటే గుంపు, ఒకేసారి పైకొస్తున్నాయి ఒకేసారి దిగుతున్నాయి. ఆ గుంపు కిందే నల్లగా తల్లో తండ్రో కాపలా, మధ్యలో ఒకసారి పైకొచ్చి గాలి మింగి మళ్లీ కిందకి పోయింది. పిల్లల మీద కప్ప విసిరితే అది ఆవేశంగా పట్టేస్తుందని గాలం వేసేవాళ్లందరికీ తెలుసు, కిలో కొర్రమీను రేటెంతో కూడా తెలుసు. దయచేసి ఆ టైంలో పట్టకండి. అది పోతే ఆ గుంపు మొత్తం కొంగలకీ పెద్ద చేపలకీ మేత. నేను కర్ర తీయలేదు, అరగంట చూసి వచ్చేసా.

చేప ఇంటికి తేవడం సంగతి చాలామంది అడిగారు. తడి గోనెసంచిలో చుట్టి క్యారియర్‌కి కట్టడమే, మధ్యలో రెండుసార్లు నీళ్లు చల్లాలి. కొర్రమీను, మార్పు చేప అయితే గాలి పీల్చుకునే రకాలు, ఇంటికొచ్చేదాకా ప్రాణంతోనే ఉంటాయి. జిలేబీ, శీలావతి అంతసేపు ఉండవు, ఎండాకాలం అయితే అక్కడే శుభ్రం చేసి ఐసుతో చిన్న డబ్బాలో పెట్టుకోండి. జెల్లని కొక్కెం నుంచి తీసేటప్పుడు వీపు మీది ముల్లూ, పక్కల రెండు ముళ్లూ చూసుకోండి, నాకొకసారి బొటనవేలికి దిగి భుజం దాకా లాగేసింది, హ్యాండిల్ పట్టుకోలేక 6 కిలోమీటర్లు ఒంటిచేత్తో వచ్చా, వేణ్ణీళ్లలో పెట్టాక గానీ తగ్గలేదు. అందుకే ఒక్కళ్లే వెళ్లొద్దు. లాకుల కింద సుడులుంటాయి, సిమెంటు లైనింగ్ పాకుడు పట్టి ఉంటుంది, అక్కడ అంచుకి దిగొద్దు.

లీజు చెరువుల్లో, రొయ్యల చెరువుల్లో కర్ర తీయకండి, అది వాళ్ల పంట. కాలువ మీద కూడా ఊళ్లోవాళ్లని ఒక మాట అడిగితే పోయేదేం లేదు, ఎరకి ఎర్రలు (వానపాములు) ఎక్కడ దొరుకుతాయో వాళ్లే చూపిస్తారు, అరటి తోట పక్కన తవ్వితే లావువి వస్తాయి. పులస కోసం మాత్రం ఈ కర్ర కొనకండి, అది వలకే పడుతుంది. తెగిన తంగూసు అక్కడే పారేయొద్దు, లకుముకి పిట్ట కాలికి చుట్టుకుని ఉండటం నేను కళ్లారా చూసా, గుప్పెడు దారం జేబులో పెట్టుకుని రావడం ఎంత పని.

మార్కులు వేయమంటే కర్రకి 10కి 7, కూడా వచ్చిన రీల్‌కి 2. మంచి రీల్ పెట్టాక మొత్తం ఖర్చు 2250 అయింది, నేను వాడిన వాడకానికి ఒక్క రూపాయి కూడా బాధ లేదు. పెద్ద వాలుగలు పట్టాలి, గోదావరి మధ్యలో పడవ మీంచి వేయాలి అనుకునేవాళ్లకి ఇది చాలదు, రెండు ముక్కల గట్టి రాడ్ చూసుకోండి, సైకిల్ మీద మాత్రం అది ఇబ్బందే. ఇప్పుడు కాలువలకి నీళ్లు కట్టేశారు, బోదెల్లో మడుగులే మిగిలాయి, జనం నీళ్లు తోడి చేపలు పడుతున్నారు. నేను కర్ర కడిగి అటక మీద పెట్టా, ఇంకో టిప్ ఆర్డర్ పెట్టా, నీళ్లొదిలేలోపు వస్తే చాలు.