రోడా, కెవిన్: ఏ నవల మేలు?

పిల్లల్లో క్రూరత్వం ఎక్కడి నుంచి వస్తుందన్న ప్రశ్న మీద నడిచిన ఆంగ్ల నవలల్లో విలియం మార్చ్ రాసిన 'ది బ్యాడ్ సీడ్' (1954), లయొనెల్ ష్రైవర్ రాసిన 'వి నీడ్ టు టాక్ అబౌట్ కెవిన్' (2003) పక్కపక్కన పెట్టి చదవదగినవి. రెండింటిలోనూ దయ్యమూ పూనకమూ లేవు. బిడ్డను చూసి భయపడే తల్లి మాత్రమే ఉంది.

కథ బిగువులో మార్చ్‌దే పైచేయి. ఎనిమిదేళ్ల రోడా అణకువకు పెట్టింది పేరు. దస్తూరీ పతకం తనకు కాక క్లాడ్‌కు దక్కిందని బడి పిక్నిక్‌లో అతన్ని చంపుతుంది. అతన్ని కొట్టి ఒంటి మీద గుర్తులు మిగిల్చిన తన బూట్లను చెత్త కాల్చే కొలిమిలో పడేస్తుంది. ఆ సంగతి పసిగట్టిన పనివాడు లీరాయ్ కూడా ఆమె పెట్టిన మంటల్లోనే పోతాడు. అయితే ఇంత చేసిన మార్చ్, రోడా అమ్మమ్మ పేరుమోసిన హంతకురాలని చెప్పి నెపమంతా రక్తం మీదకు నెట్టేశాడు. అదే రక్తం పంచుకున్న తల్లి క్రిస్టీన్ అంత సాధువెలా అయిందన్నదానికి, ఆ గుణం ఒక తరాన్ని దాటేసిందనడం తప్ప నవలలో గట్టి సమాధానం లేదు. కారణం తెలిశాక భయం సగం తగ్గిపోతుంది. (నవలలో రోడా బతికిపోతుంది, నేరానికి శిక్ష పడి తీరాలన్న నాటి హాలీవుడ్ నియమావళి వల్ల 1956 చిత్రంలో ఆమెను పిడుగుతో చంపారు. అది మరీ నవ్వులాట.)

ష్రైవర్ అలాంటి ఊరట ఇవ్వదు. పదహారేళ్లు నిండడానికి మూడు రోజుల ముందు బడిలో క్రాస్‌బోతో (మీట నొక్కి బాణం వదిలే విల్లు) హత్యలు చేసిన కెవిన్ గురించి తల్లి ఈవా భర్తకు ఉత్తరాలు రాస్తుంది. ఆమె గది గోడలకు ఎంతో ఇష్టంగా అతికించుకున్న దేశపటాల మీద పసివాడు బొమ్మ తుపాకీతో సిరా చిమ్మడం చదివితే వాడిది పుట్టుబుద్ధే అనిపిస్తుంది. ఆమె కోపంతో విసిరేస్తే వాడి చెయ్యి విరిగిందని చదివితే నేరం పెంపకానిదేమో అనిపిస్తుంది. పైగా ఇదంతా ఈవా చెబితే మనం వింటున్నదే. బిడ్డను కనడానికే ఇష్టపడని మనిషి సాక్ష్యాన్ని ఎంతవరకు నమ్మాలో తేలదు, ఎందుకు చేశావని చివర ఆమె అడిగినప్పుడు కెవిన్ కూడా తేల్చడు.

ఒక్క రాత్రిలో చదివి ముగించే కథ కావాలంటే మార్చ్ చాలు. చెడుకు మూలమేమిటన్న ప్రశ్నే ముఖ్యమనుకుంటే నా ఓటు ష్రైవర్‌కే, తొలి ఉత్తరాలు ఓపికను బాగా పరీక్షించినా సరే. లిన్ రామ్సే 2011లో తీసిన చిత్రం దగ్గరి దారిలా కనిపిస్తుంది గాని, అందులో ఉత్తరాలు లేకపోవడంతో ఈవా మాటను శంకించే అవకాశం చాలావరకు పోయింది.