యానోవిచ్ మూకీకి మా ఇంటి హార్మోనియం

దుబాయిలో ఉద్యోగం చేస్తున్న మా పెద్దవాడు పంపిన డిస్కు. ఇంగ్లీషులో ‘ది అన్‌డిజైరబుల్’, హంగేరియన్‌లో ‘అ తొలొంత్స్’. 1914లో తీసిన మూకీ. నలభై ఏళ్లు నాటక సమాజాలకు హార్మోనియం వాయించినవాడిని, మాటా పద్యమూ లేని బొమ్మ నాకెందుకు అని గొణుక్కుంటూనే పెట్టించాను.

దర్శకుడు మిహాయ్ కెర్తేస్. తరువాత హాలీవుడ్‌లో మైకేల్ కర్టిజ్ పేరుతో ‘కాసాబ్లాంకా’ తీశాడు. అందరూ ఆయన పేరే చెబుతారు. నాకు మాత్రం ఒక పాత నాటకం నుంచి ఈ బొమ్మకు చిత్రానువాదం రాసి, పెట్టుబడి పెట్టిన యెనో యానోవిచ్ మీదే మనసు నిలిచింది. అప్పటి హంగేరీలోని కొలోజ్‌వార్ ఊరి నాటకశాల ఆయన చేతిలో ఉండేది. వేసవిలో నాటకాలు ఆగిపోతే నటులను ఊరికే కూర్చోబెట్టకుండా కెమెరా ముందు నిలబెట్టాడు. మా సమాజాల యజమానులకు ఆ ఉపాయం తట్టి ఉంటే మేము ఎండాకాలమంతా పస్తులుండేవాళ్లం కాదు! అలా 60కి పైగా చిత్రాలు ఆ ఊళ్లోనే తయారయ్యాయి. దాదాపు సగానికి ఆయనే దర్శకుడు. చాలావరకు నశించాయి. ఈ బొమ్మ కూడా న్యూయార్క్‌లో హంగేరియన్ల భవనం నేలమాళిగలో దొరకబట్టి మిగిలింది.

కథ మన పాత సాంఘిక నాటకాల కోవలోదే. పల్లెటూరి పిల్ల పట్నంలో పనికి కుదురుతుంది, దొంగతనం నింద పడుతుంది, తల్లి జైలు నుంచి విడుదలై కూతురిని వెతుక్కుంటుంది. పిల్లగా లిలి బెర్కి కళ్లతోనే నెట్టుకొచ్చింది. తల్లి వేషం మారి యాసయిది, వాళ్ల దేశపు రంగస్థల మహానటి. చేతులు ఎత్తితే చివరి వరుసవాడికి కూడా అందాలన్న నాటకాల అలవాటు ఆమెను వదలలేదు. మా మనుమరాలు నవ్వింది. నాకు నవ్వు రాలేదు; పక్కనున్న మా వియ్యంకుడు మాత్రం “బావగారూ, ఇక్కడ ముఖారి రాగంలో ఒక పద్యం పడాలి” అన్నారు.

నిజమే. డిస్కులోని సంగీతం కొత్తగా కట్టినది, పెద్ద వాద్యబృందం. ఆమె ఏడవకముందే వయొలిన్లు ఏడుస్తాయి. విసిగి ధ్వని ఆపించి, హార్మోనియం పెట్టె ముందుకు లాక్కుని నేనే ముఖారి అందుకున్నాను. ఒడియా పొరుగింటి మావుసి తలుపు దగ్గరికి వచ్చి చివరిదాకా నిలబడింది.

మొదటి ప్రపంచ యుద్ధం తరువాత కొలోజ్‌వార్ రుమేనియాలో కలిసింది, క్లూజ్ అయింది. నాటకశాల యానోవిచ్ చేయి దాటింది; అయినా ఆయన 1945లో ఆ ఊళ్లోనే పోయాడు. మా పర్లాకిమిడి కూడా 1936లో మద్రాసు నుంచి ఒడిశాలోకి మారింది. మా తాత ఇల్లు కదలలేదు, చిరునామా మారింది అనేవారు నాన్నగారు. అందుకేనేమో, ఆ ఊరి వీధులు తెర మీద కనిపించినప్పుడల్లా వాయించడం మరిచిపోయాను.

అయిదుకు నాలుగు నక్షత్రాలు. కోసినది సంగీతానికి. చూసేవారు ధ్వని ఆపేసి చూడండి. పర్లాకిమిడిలోనే ఉంటే కబురు పెట్టండి, పెట్టె పట్టుకుని వస్తాను.