నీలికనుమ మంత్రబాట: బిడారు సేవ ఎలా ఉంది?

ఉప్పు, పట్టు మోసే వర్తకులకు ఈ బాట నిజంగా వరమే. కొండదారిలో 40 రోజులు పట్టే ప్రయాణం 9 రోజుల్లో తేలిపోతుంది. బాటలోకి వెళ్లే మంత్రద్వారం తెరిచి ఉండేది చంద్రోదయం నుంచి రెండు గడియలే, ముందే వరసలో ఉండాలి. బండికి 12 బస్తాలు మించితే గడప రాళ్లు నీలం నుంచి ఎరుపుకు తిరుగుతాయి. అప్పుడూ తోలితే ఇరుసు విరగడం ఖాయం. ఇనుప పట్టాల చక్రాలకు మంత్రం పట్టదు, రాగి పట్టా వేయించండి. ద్వారం దగ్గర తేమ విపరీతం. మైనపు గుడ్డ కప్పని ఉప్పు సగం కరిగి కారిపోతుంది. మూడో మజిలీ నీళ్లు ఎద్దులు ముట్టవు, రెండోదాంట్లోనే తోలుతిత్తులు నింపుకోవాలి. కాపలావాళ్లు నమ్మకస్తులు, లెక్క పక్కా. సుంకం పదో వంతు సరుకు, అది మాత్రం అన్యాయం. వానాకాలంలో వెళ్లొద్దు: చంద్రుడు మబ్బు చాటునుంటే ద్వారం తెరుచుకోదు, మేత ఖర్చు దండగ.