కార్తీకంలో కొండెక్కితే: పదకొండు మంది, రెండు బైనాక్యులర్లు, ఒక పెద్ద ఉడత

విశాఖలో పుట్టి పెరిగినవాళ్లకి అరకు వెళ్లడం యాత్ర కిందికి రాదు, ఇంటికి చుట్టాలొస్తే తప్పని డ్యూటీ. నేను ఇప్పటికి పదిహేనుసార్లయినా వెళ్లుంటాను. బొర్రా గుహలు, పద్మాపురం తోట, గిరిజన మ్యూజియం, చాపరాయి, బొంగు చికెన్, చీకటి పడేలోగా వెనక్కి. జిల్లాలు విడగొట్టాక 2022 నుంచి అరకు, అనంతగిరి అల్లూరి సీతారామరాజు జిల్లాలో ఉన్నాయి గాని, మా నోట్లో ఇప్పటికీ అది 'మన అరకే'. ఇన్నిసార్లు ఆ అడవి మధ్యలోంచి వెళ్లి, రోడ్డు పక్క కోతుల్ని తప్ప ఇంకే జీవినీ చూడలేదు. మొన్న కార్తీక మాసంలో, చిన్న గుంపుతో గైడ్‌ని పెట్టి కొండలూ అడవి జంతువులూ చూపిస్తామన్న ట్రిప్‌కి డబ్బు కట్టింది అందుకే. మా వదిన కూడా వస్తానంది. ఆవిడకి మోకాళ్ల నొప్పి, కార్తీకమంతా నీచు ముట్టదు, ఎక్కడికెళ్లినా ముందు బాత్రూం ఎలా ఉందో చూస్తుంది. ఇలాంటి ట్రిప్‌కి ఇంతకన్నా మంచి పరీక్షకురాలు దొరకదు.

మనిషికి 2,600 తీసుకున్నారు. టిఫిన్, భోజనం, టికెట్లు అందులోనే. నలుగురు కలిసి కారు మాట్లాడుకుంటే ఇందులో సగంలో అయిపోతుందని మా అన్నయ్య ముందే లెక్క చెప్పాడు. లెక్క సరైనదే. కాకపోతే కారు డ్రైవరు పిట్టని చూపించడు.

పొద్దున్న పావు తక్కువ ఐదుకి మద్దిలపాలెంలో ఎక్కాం. పన్నెండు సీట్ల టెంపో ట్రావెలర్, మేం పదకొండు మందిమి. గాజువాక నుంచి స్టీల్‌ప్లాంట్‌లో రిటైరైన దంపతులు, కాకినాడ కుటుంబం నలుగురు, మధురవాడలో ఉద్యోగం చేసే అమ్మాయిలు ఇద్దరు, కెమెరా వేలాడేసుకున్న ఒక కుర్రాడు, మేమిద్దరం. సీట్లు బాగున్నాయి, డ్రైవరు నెమ్మదస్తుడు. పెందుర్తి దాటగానే సినిమా పాటలు పెట్టాడు. అడవి చూడ్డానికి వెళ్లే బండిలో ఆ మోత ఏమిటని గాజువాక మాస్టారు అడిగితే కాసేపు తగ్గించాడు. మళ్లీ ఎస్.కోట దగ్గర పెంచాడు. ఈ ఆట రోజంతా సాగింది.

బొడ్డవర దాటాక ఘాట్ మొదలవుతుంది. మలుపుల్లో కాకినాడ వాళ్ల చిన్నబాబు వాంతి చేసుకున్నాడు. బండిలో కవర్లు లేవు, నిమ్మకాయ లేదు. మా వదిన సంచిలో మాత్రం రెండూ ఉన్నాయి. ఇన్ని ట్రిప్పులు నడిపేవాళ్లకి ఈ రోడ్డు మీద ఏం జరుగుతుందో తెలియదా అని ఆవిడ గట్టిగానే అంది.

టైడా చేరేసరికి ఏడు దాటింది. విశాఖ నుంచి ఇంచుమించు 75 కిలోమీటర్లు. పర్యాటక శాఖ వాళ్ల జంగిల్ బెల్స్ కాటేజీలు ఉన్న ఊరు ఇదే. ఇక్కడ మాకు గైడ్ కలిశాడు. ఆ చుట్టుపక్కల ఊరి కుర్రాడే, పాతికేళ్లుంటాయేమో. ఇంట్లో మాట్లాడేది ఆదివాసీ ఒరియా, మాతో తెలుగు, కెమెరా కుర్రాడితో పిట్టల ఇంగ్లీషు పేర్లు. ఈ ట్రిప్‌లో నేను కట్టిన డబ్బుకి న్యాయం జరిగింది ఈ అబ్బాయి దగ్గరే.

ముందే చెప్పేశాడు. "పులులు, చిరుతలు అనుకుని రాకండమ్మా. చిరుత ఉంది గాని అది మనల్ని చూస్తాది, మనకి కనబడదు. చిన్నవి చూద్దాం." రోడ్డు వదిలి కాలిబాటలో దిగాక ఇంకో షరతు పెట్టాడు, మాట్లాడకూడదని. మా వదినకి అది మోకాలి నొప్పి కన్నా కష్టం.

మొదటి పావుగంట ఏమీ కనబడలేదు. అంటే మాకు. అతనికి కనబడుతూనే ఉన్నాయి. నేను ఆకులు చూస్తున్నానట, కొమ్మలు చూడాలట. "గాలికి ఆకులన్నీ కదుల్తాయి. ఒక్క కొమ్మే కదిలిందంటే దాని మీద ఎవరో ఉన్నట్టు." ఆ మాట తర్వాత నా కళ్లు మారాయి. తోకకి రెండు పొడుగాటి తీగలు, వాటి చివర చిన్న రెక్కల్లాంటివి వేలాడుతూ ఒక నల్లపిట్ట ఎగిరింది. రాకెట్ టెయిల్డ్ డ్రాంగో అన్నాడు. మన ఊళ్లో కరెంటు తీగల మీద కూర్చునే పసులపోలిగాడికి అడవి చుట్టం. ఇతర పిట్టల గొంతుల్ని అచ్చంగా అనుకరిస్తుందట. కొండ గోరింకలు నాలుగు కలిసి ఈలలేస్తూ వెళ్లాయి. వడ్రంగిపిట్ట చప్పుడు వినబడింది, మనిషి కనబడలేదు. (మా వదిన 'మనిషి' అనే అంది, నేనూ అదే రాస్తున్నాను.)

ఒకచోట పొదలోంచి కూత వస్తే గైడ్ చెయ్యెత్తి అందర్నీ ఆపాడు. అబాట్స్ బాబ్లర్ అట. హిమాలయాల దిగువన, ఈశాన్య రాష్ట్రాల్లో ఉండే పిట్ట. అంత దూరాన, మన విశాఖ కనుమల్లోనూ ఉంది. గోధుమరంగులో ఉంటుంది, చూడ్డానికి ఏ ప్రత్యేకతా ఉండదట. కెమెరా కుర్రాడు దానికోసం పది నిమిషాలు మోకాళ్ల మీద కూర్చున్నాడు. కాకినాడ ఆయన వాచీ చూసుకున్నాడు. ఇద్దరి తప్పూ లేదు. ఒకే గుంపులో పిట్టల పిచ్చివాళ్లనీ పిక్నిక్ వాళ్లనీ కలిపిన కంపెనీదే తప్పు.

తర్వాత కనబడింది అసలు చుట్టం. తల పైన చెట్టు కొమ్మల్లో ఎవరో చెక్క గిలక తిప్పుతున్నట్టు చప్పుడు. గైడ్ వేలు చూపించిన వైపు ముదురు ఎరుపు, నలుపు వీపు, పాలిపోయిన పొట్ట, ఒంటి కన్నా పొడుగు తోక. పెద్ద ఉడత, ఇండియన్ జెయింట్ స్క్విరెల్. రాముడి ఉడతని ఊహించుకున్న మా వదిన నోరు తెరిచేసింది. తోకతో కలిపి చూస్తే పిల్లి కన్నా పొడుగ్గా ఉంది. ఇది నేల మీదికి దిగడం బాగా తక్కువ, చెట్టు మీంచి చెట్టు మీదికే ప్రయాణం. అందుకే కొమ్మలు ఒకదాన్నొకటి తాకేంత గుబురుగా అడవి ఉంటేనే బతుకుతుంది. మధ్యలో చెట్లు కొట్టేస్తే దాని రోడ్డు తెగిపోయినట్టే. పైన ఆకులతో కట్టిన గంపంత గూడు కూడా చూపించాడు. ఒక్కొక్క ఉడతా ఇలాంటివి మూడు నాలుగు కట్టుకుంటుందట.

ఇక్కడే నా పెద్ద ఫిర్యాదు. పదకొండు మందికి బైనాక్యులర్లు రెండే. నా వంతు వచ్చేసరికి ఉడత తోక మాత్రం మిగిలింది. పైగా రెండు గంటల అడవి నడక అని రాసిచ్చినవాళ్లు, గంట కూడా కాకుండానే "లేటైపోతాంది, పైన జనం పెరిగిపోతారు" అని బండెక్కించేశారు. గైడ్ ముఖంలో కూడా అయిష్టం కనబడింది. అతను టైడాలోనే ఆగిపోకుండా బొర్రా దాకా మాతో వచ్చాడు, అది కాస్త ఊరట.

టిఫిన్ ఇడ్లీ, అల్లం చట్నీ, ప్లాస్కులో టీ. ఇడ్లీ చల్లారిపోయింది, చట్నీ మాత్రం బాగుంది. బాత్రూం విషయం ఆడవాళ్ల కోసం వివరంగా రాస్తున్నాను. టైడాలో పర్లేదు. ఆ తర్వాత దారిలో ఆపిన చోట నీళ్లు లేవు. అరకులో భోజనం చేసిన హోటల్లో శుభ్రంగా ఉంది. బొర్రా దగ్గర క్యూ. కార్తీక మాసం ఆదివారమైతే ఎవరింట్లో వాళ్లు అన్నీ ముగించుకుని నీళ్లు లెక్కగా తాగి బయల్దేరడమే.

అనంతగిరి దాటి గాలికొండ వ్యూపాయింట్‌లో ఆపారు. మంచు విడుతోంది, కింద లోయ పొరలు పొరలుగా తేలుతోంది. అక్కడ జనమంతా సెల్ఫీల్లో ఉంటే గైడ్ మమ్మల్ని రోడ్డు పక్క రాయి దగ్గరికి పిలిచాడు. ఎర్రగా, చారలుగా, గోటితో గీకితే పొడి రాలే రాయి. ఖోండలైట్. ఖోండు ఆదివాసుల పేరు మీదే భూగర్భ శాస్త్రజ్ఞులు ఆ పేరు పెట్టారు. మన తూర్పు కనుమలు చాలావరకు ఈ రాయే. ఇలాంటి రాళ్ల సందుల్లోనే ఒక బల్లి ఉందట. 1877లో ఒక ఇంగ్లీషాయన దానికి పేరు పెట్టాక 130 ఏళ్లకు పైగా ఎవరి కంటా పడలేదు. మళ్లీ దొరికిన చోట్లలో ఈ గాలికొండ కూడా ఒకటి. పదిహేనుసార్లు ఇక్కడ టీ తాగాను, ఈ సంగతి ఒక్కరూ చెప్పలేదు.

వ్యూపాయింట్ దగ్గర కోతులకి కాకినాడ పిల్లలు చిప్స్ విసరబోతే గైడ్ ఆపేశాడు. ఇవి ఎర్రమూతి రీసస్ కోతులట. గోదావరికి దక్షిణాన ఎక్కువగా కనబడేది నెత్తిన టోపీ పెట్టినట్టు జుట్టుండే ఇంకో జాతి. కాకినాడ ఆయన వెంటనే "మా వైపూ ఎర్రమూతివే వస్తున్నాయండీ ఈ మధ్య" అన్నాడు. గైడ్ నవ్వి, అవునండీ, అవి గోదావరి కూడా దాటేస్తున్నాయి అన్నాడు.

సుంకరమెట్టలో కాఫీ తోటల మధ్య చెక్క వంతెన మీద నడిపించారు. సిల్వర్ ఓక్ చెట్లు, వాటికి అల్లుకున్న మిరియాల తీగలు, కింద నీడలో కాఫీ. నవంబరు కాబట్టి పళ్లు ఎర్రబారి ఉన్నాయి. ఒకటి నోట్లో వేసుకుంటే పైతోలు తియ్యగా ఉంటుంది. అరకు అరబికా కాఫీకి 2019లో జీఐ (భౌగోళిక సూచిక) గుర్తింపు వచ్చిన సంగతి తోట దగ్గర అమ్మేవాళ్లందరూ చెబుతారు. పొడి కొనేవాళ్లు గిరిజన కార్పొరేషన్ స్టాల్‌లో కొనుక్కుంటే బేరం గొడవ ఉండదు. వంతెన మీద మాత్రం తిరణాలే. పిట్ట సంగతి దేవుడెరుగు, ముందున్నవాడి వీపు తప్ప ఏమీ కనబడలేదు.

అరకు లోయలో వలిసె పూలు పసుపుగా పరుచుకుని ఉన్నాయి. రోడ్డు పక్క పొలంలోకి దిగితే పాతికో యాభయ్యో అడుగుతారు, ఇచ్చేయండి, అది వాళ్ల పంట. భోజనం బాగుంది. అన్నం, పప్పు, గుమ్మడికాయ కూర, రసం. ఆ తర్వాత వచ్చింది కామెడీ. షెడ్యూల్లో నలభై నిమిషాలు బొంగు చికెన్‌కి కేటాయించారు. వెదురు బొంగులో మసాలా పట్టించిన కోడిమాంసం కుక్కి, ఆకుతో మూసి, నిప్పుల మీద కాలుస్తారు. నూనె పడదు. రుచికి వంక పెట్టలేం, మామూలు రోజుల్లో. కాని కార్తీక మాసం ఆదివారం బండిలో పదకొండు మందిమి ఉంటే తినేది ముగ్గురు. మిగతా ఎనిమిది మందిమీ నిలబడి పొగ పీల్చుకున్నాం. అడవిలో తగ్గించిన గంట ఇక్కడ ఖర్చు పెట్టారన్నమాట. మా వదిన నిర్వాహకుడితో నేరుగా అనేసింది: "ఏటి బాబూ, ఉడత దగ్గర ఉండనివ్వలేదు గాని కోడి దగ్గర నిలబెట్టీసారు?"

మ్యూజియం ఇరవై నిమిషాల్లో తిప్పారు. ఆ మాత్రం దానికి వెళ్లకపోయినా పర్లేదు.

బొర్రా గుహలు ఎన్నిసార్లు చూసినా ఆ మొదటి చీకటి నోరు మూయిస్తుంది. సున్నపురాయిని నీళ్లు లక్షల ఏళ్లు కరిగించి చేసిన పని ఇది. విలియం కింగ్ అనే ఆయన బయటి ప్రపంచానికి తెలియజేశాడని చెబుతారు. అంతకుముందే అక్కడి ఊళ్లవాళ్లకి ఇది శివుడి గుడి. గోస్తనీ నది ఇక్కడి నుంచే పారుతుంది, రైలు పట్టా ఈ గుహల పైనుంచే వెళ్తుంది. రంగురంగుల లైట్లు నాకెప్పుడూ నచ్చవు, గుహకి పెళ్లిపందిరి కళ తెస్తాయి. గైడ్ మమ్మల్ని లైట్లు లేని మూలకి తీసుకెళ్లి టార్చి నేలకి వేసి నిలబడమన్నాడు. పైన గబ్బిలాల కిచకిచ. రెండు నిమిషాలు అంతే. మెట్లు వందల్లో ఉన్నాయి. వదిన సగం దాకా దిగి కూర్చుంది. మోకాళ్ల నొప్పులున్నవాళ్లకి ఇది పనికిరాదని బుక్ చేసినప్పుడే చెప్పాల్సింది.

మళ్లీ వెళ్తానా అంటే, ఇలా మాత్రం వెళ్లను. ముందురోజు సాయంత్రమే వెళ్లి టైడాలోనో అనంతగిరిలోనో ఒక రాత్రి ఉంటాను. ఆరుగంటలకే ఆ అబ్బాయి లాంటి స్థానిక గైడ్‌తో మూడు గంటలు నడుస్తాను, అరకు జోలికి పోకుండా వెనక్కొచ్చేస్తాను. అరకు చూడనివాళ్లకి రైలే మేలు. బైలదిల్లా ఇనుప ఖనిజాన్ని విశాఖ రేవుకి తేవడానికి 1960ల్లో వేసిన లైను అది, 58 సొరంగాలు. అద్దాల విస్టాడోమ్ పెట్టె టికెట్ ముందే తీసుకుంటే పిల్లలకి అదే పెద్ద జంతు ప్రదర్శన. పిట్టలకోసం అంత దూరం ఎందుకు అనేవాళ్లకి ఊళ్లోనే జూ ఎదురుగా, హైవేకి అవతల కంబాలకొండ అభయారణ్యం ఉంది, 70 చదరపు కిలోమీటర్ల పైమాట. ఏ గుంపూ అక్కర్లేకుండా పొద్దున్నే ఆటోలో వెళ్లొచ్చు.

వనభోజనాల బస్సుల వెనక పాకుతూ పాకుతూ మద్దిలపాలెం చేరేసరికి రాత్రి పదిన్నర. గైడ్‌కి టిప్పు వేరే ఇచ్చాం, అది ఛార్జీలో లేదట. ఆటోలో వదిన నా ఫోను తీసుకుని, ట్రిప్ గ్రూపులో ఉడత ఫొటో ఎవరైనా పెట్టారేమో చూడమంది. ముప్ఫై ఏడు ఫొటోలు వచ్చి ఉన్నాయి. వలిసె తోటలో పన్నెండు, గాలికొండలో తొమ్మిది, బొంగు చికెన్‌వి పదిహేను. ఆఖర్న ఒకటి, ఆకుల మధ్య ఎర్రటి మరక. వదిన దాన్ని వేళ్లతో పెద్దది చేసి చూసి, "తోకే గాని, మన తోకే" అని వాళ్లాయనకి పంపించేసింది.